తెల్లచీరల మీద ఇటుకరంగు మరక

పొన్నపాళెం,
వాకాడు దగ్గర.
ఏప్రిల్ నెల.

మా తమ్ముడి బిడ్డ ఫేబీకి,

మీ మగ్దలీనమ్మత్త ముద్దులు. హైదరాబాదులో ఎండలు ఎట్లుండాయో గానీ ఇక్కడ సముద్రం కూడా ఉడుకుతా ఉండాది. ఫోను చెయ్యకుండా ఉత్తరం రాసిందేందని అనుకోబాక. నా ఎడమచెవి ఎప్పుడో పోయింది, ఇప్పుడు కుడిచెవి కూడా దాని దోవే పట్టింది. మొన్న నువ్వు ఫోనులో "సన్‌స్క్రీన్ పంపించాను" అంటే నాకు "సన్యాసిని పంపించాను" అని వినపడింది. మనింటికి సన్యాసేందబ్బా అని పొద్దుగూకిందాకా గుమ్మంలోనే కూర్చున్నా.

పార్సిలు అందింది. నువ్వు పనిచేసే ల్యాబులో నీ చేత్తో కలిపిన క్రీమని మా స్త్రీల సమాజంలో అందరికీ చెప్పుకొని, తలా ఒక ట్యూబు పంచినా. ఎండుచేపలు ఆరబెట్టే దిబ్బ మీద పొద్దస్తమానం కూర్చుంటే మెడలూ చెంపలూ కాలి పొట్టు లేస్తా ఉంటాయి కదా మా ఆడోళ్ళకి.

నువ్వు లోపల పెట్టిన చీటీ కూడా చదివినా. "ఇందులో ఉండేవి కెమికల్ ఫిల్టర్లు, వీటినే ఆర్గానిక్ ఫిల్టర్లని కూడా అంటారు" అని రాసినావు. అదెట్లమ్మే? మీ రూఫసు బాబాయి చేలో కెమికల్ వేస్తే అది ఆర్గానిక్ కాదు. ఆర్గానిక్ అయితే కెమికల్ వెయ్యడు. మీ ఊళ్ళో రెండూ ఒకటేనా? ఇంకొకటి. కాఫీ ఫిల్టరులో గుండ పైన మిగులుతుంది. ఈ ఫిల్టరులో వడగట్టిన ఎండ యాడ మిగులుతుంది?

జవాబు కోసరం కాచుకోనుండే
మీ అత్త

తా.క.: ఆర్గానిక్ అనేసరికి పక్కింటి వెంకటశేషమ్మ ఒక చుక్క నాలిక మీద వేసుకొని చూసింది. ఉప్పు చాల్లేదంట.

*

హైదరాబాదు

ప్రియమైన అత్తకు,

ఫేబీ వందనాలు. మీ ఉత్తరం ల్యాబులో అందరికీ చదివి వినిపించాను. మా మేనేజరుగారు నవ్వి నవ్వి కళ్ళద్దాలు తుడుచుకున్నారు.

మా కెమిస్ట్రీలో ఆర్గానిక్ అంటే కార్బన్ ఉన్న పదార్థమని అర్థం, అంతే. బాబాయి వరికీ దీనికీ సంబంధం లేదు. ఆ లెక్కన కిరసనాయిలు కూడా ఆర్గానిక్కే.

ఇక ఎండ సంగతి. ఎండలో కంటికి కనపడని అతినీలలోహిత కిరణాలుంటాయి. చర్మాన్ని కాల్చేవి అవే. క్రీములో ఆవోబెంజోన్ అనే పదార్థం ఉంది. ఆ కిరణాలు చర్మంలోకి దిగకముందే తను పీల్చుకొని, కొంచెం వేడిగా మార్చి వదిలేస్తుంది. ఎక్కడా ఏమీ మిగలదు. పాపం, ఎండలో పనిచేసి చేసి అదీ అలిసిపోతుంది. దానికి తోడుగా ఆక్టోక్రిలీన్ అనే ఇంకొకటి వేస్తాం. అయినా రెండు గంటలకొకసారి మళ్ళీ రాసుకోవాలి. మెడ, వీపు పైభాగం, చెవులు మరిచిపోవద్దు. పిసినారితనం చెయ్యకుండా దట్టంగా రాసుకోండి.

మీ
ఫేబీ

తా.క.: వెంకటశేషమ్మగారికి చెప్పండి, ఇది పైపూతకే. ఉప్పు వెయ్యబోయేది లేదు.

*

పొన్నపాళెం

ఫేబీ తల్లికి,

ముందు మంచి మాట చెప్తా. శ్రీహరికోటలో రాకెట్టు వదిలిన దినం మిట్టమధ్యాన్నం అందరం ఇసకలో నిలబడి చూసినాం. ఒక్కరి మొగం కూడా మండలేదు. ఎండను వేడిగా మారుస్తుందని రాసినావు గానీ, ఎండంటేనే వేడి కదమ్మా, మార్చేదేముంది అని మాలో మేము చానాసేపు వాదించుకున్నాం. మండలేదు గాబట్టి నువ్వే గెలిచినావు.

మా పాస్టరు క్రీస్తురాజుగారికి మాత్రం నచ్చలా. మొన్నటి ఆదివారం ప్రసంగంలో, "సూర్యుణ్ణి చేసింది దేవుడు. ఆయన పంపే వెలుగుకు అడ్డం పూసుకునేదేందమ్మా? నేను దినమంతా మోటారుసైకిలు మీద పల్లెలన్నీ తిరగడం లేదా?" అన్నాడు. ఆయన భార్య అబిగయీలు మా సమాజానికి సెక్రటరీ. పాపం, తల వంచుకొని పాటల పుస్తకం చూస్తా కూర్చునింది.

ఇప్పుడు చెడ్డ మాట. ఆదివారాలు కట్టుకునే మా తెల్లచీరలకు మెడకాడ, భుజాలకాడ ఇటుకరంగు మరకలు పడినాయి. జాకెట్లకైతే చెప్పబన్లేదు. ఉతికే కొద్దీ ముదురుతా ఉండాయి. మందిరం గోడపక్కన మాలకొండయ్య ఉతికి ఇస్త్రీ చేసిస్తాడు, నీకు గుర్తుండే ఉంటుంది. మేం పెళ్ళికూతుళ్ళుగా ఈ ఊరొచ్చిన కాడి నుంచి ఆయన చేతిలో ఒక్క గుడ్డ చెడిపోలా. ఇప్పుడు అందరూ ఆయన్నే అంటా ఉండారు. అడిగితే, "మీ కొత్త బోరు నీళ్ళతోనే కదమ్మా ఉతుకుతుండా, వేరే ఏం కలపలేదు" అంటాడు. పాతబావి ఉప్పబడిందని మొన్న పెద్ద లోతు బోరు వేసినాంలే.

మనసు బాగలేని
మీ అత్త

తా.క.: నా చీరమీద మరక అచ్చం శ్రీలంక ఆకారంలో పడింది. మనవాళ్ళు దాన్ని చూసేదానికి ఇంటికొస్తా ఉండారు.

*

హైదరాబాదు

అత్తా,

హడావుడిగా రాస్తున్నాను, రేపు ల్యాబులో తనిఖీ ఉంది. మరక ఎందుకు పడిందో నాకు తెలిసింది. మాలకొండయ్య సబ్బు తప్పు కాదు. అంతా ఐరన్ వల్ల. చీరకంటిన ఆవోబెంజోన్‌కు ఐరన్ తగిలితే ఆ ఇటుకరంగు వస్తుంది. ఐరన్ తగలకపోతే మరక పడదు. బ్లీచింగ్ పొడి మాత్రం వెయ్యొద్దు, ఇంకా ముదురుతుంది. మిగతా వివరాలు మళ్ళీ రాస్తాను.

మీ
ఫేబీ

తా.క.: శ్రీలంక చీర ఉతక్కుండా ఉంచండి. మా మేనేజరుగారు చూడాలంటున్నారు.

*

పొన్నపాళెం

ఫేబీకి,

నీ ఉత్తరం సమాజం మీటింగులో గట్టిగా చదివినా. అందరం ఒక్కసారే మొగామొగాలు చూసుకున్నాం. ఇన్నాళ్ళూ సబ్బని, నీలిమందని అనుమానపడ్డాం గానీ, అసలు దొంగ ఐరన్ పెట్టె అని ఒక్కరికీ తోచలేదు చూడు!

అందరం కలిసి పోయినాం. మాలకొండయ్య పెట్టె వాళ్ళ నాయన కాలంనాటి బొగ్గుల పెట్టె. "మాలకొండయ్యా, మా మేనకోడలు పెద్ద చదువు చదివిన పిల్ల. నీ ఐరన్ తగిలే మరకలు పడతా ఉండాయని రాసింది. ఈ పెట్టె పక్కన పడేయి" అని నేనే చెప్పినా. ఆయన పెట్టె అడుగును భుజం మీది తువాలుతో బాగా రుద్ది, ఆ తువాలు నాకు చూపించినాడు. తెల్లగానే ఉండాది. "దీనికి మరకుంటే నా తువాలుకి అంటదా తల్లీ?" అన్నాడు. మా సమాజం కమిటీ వాళ్ళు వినలా. గుడ్డలన్నీ తెచ్చేసుకున్నారు.

మర్నాడు పొద్దున పోయి చూస్తే ఆయన ఇస్త్రీ బండి ఖాళీగా ఉండాది. సూళ్ళూరుపేటలో బావమరిది హోటల్లో గిన్నెలు కడిగేదానికి పోయినాడంట. కారణం దొరికిందని సంతోషపడాల్సింది పోయి, నాకెందుకో అన్నం సయించడం లేదు.

మీ అత్త

తా.క.: ఈ ఆదివారం ఇస్త్రీ లేని చీరల్లోనే పాటలు పాడినాం. రాత్రి డ్యూటీ దిగిన నర్సులు వరసగా నిలబడినట్టు ఉన్నామని వెంకటశేషమ్మ అనింది.

*

హైదరాబాదు

అత్తా! అత్తా!

ఇస్త్రీ పెట్టె కాదు! ఐరన్ అంటే ఇనుము. ఇనుము! మీ కొత్త బోరు నీళ్ళలో కరిగి ఉన్న ఇనుము! ఇంత పొరపాటు జరుగుతుందనుకుంటే ఆ మాట తెలుగులోనే రాసుండేదాన్ని. మాలకొండయ్య తప్పు గోరంత కూడా లేదు. తప్పెవరిదైనా ఉంటే నాది. ఆవోబెంజోన్ ఇనుమున్న నీళ్ళలో మరక పెడుతుందని నాకు తెలుసు, చీటీలో ఆ ముక్క రాయలేదు.

నమ్మకం లేకపోతే మీరే చూడండి. రెండు తెల్లగుడ్డ ముక్కలు తీసుకొని రెండింటికీ క్రీము పూయండి. ఒకటి కొత్త బోరు నీళ్ళలో, ఇంకొకటి కొనుక్కునే మంచినీళ్ళలో నానబెట్టి ఆరేయండి. తరవాత మాలకొండయ్య దగ్గరికి పొండి. దయచేసి పొండి అత్తా.

సిగ్గుతో
ఫేబీ

తా.క.: ఇకమీదట ల్యాబులో ఎవరైనా ఐరన్ అంటే "ఏ ఐరన్?" అని అడగాలని మా మేనేజరుగారు ఆర్డరు వేశారు.

*

పొన్నపాళెం

ఫేబీకి,

గుడ్డముక్కలు నానబెట్టి చూసినా. బోరు నీళ్ళ గుడ్డ ఇటుకరంగుకు తిరిగింది. మంచినీళ్ళ గుడ్డకు మరక లేదు. నాకు నమ్మకం కుదిరింది. కమిటీకి మాత్రం కుదరలా. ఎందుకో విను.

పాస్టరుగారి తెల్లంగీ కాలరుకు కూడా వెనకపక్క అదే మరక. అదే ఇటుకరంగు. ఆయన క్రీము ముట్టడు కదా! "క్రీము రాయని మనిషికి మరకెట్ల పడింది? కాబట్టి ఇది క్రీమూ కాదు, నీళ్ళూ కాదు. మీ మేనకోడలు మీ మాట నిలబెట్టేదానికి కతలు రాస్తా ఉంది" అని కోశాధికారి కామాక్షమ్మ మొగాన్నే అనేసింది. దీనికి నీ దగ్గర జవాబుందా?

మీ అత్త

తా.క.: నీళ్ళలో ఇనుముందని తెలిసి, బోరు వేసిన పెంచలప్రసాదు పెద్ద అయస్కాంతానికి తాడుకట్టి లోపలికి దించినాడు. తాడు తెగింది. ఇప్పుడు నీళ్ళలో నిజంగానే ఇనుముండాది.

*

హైదరాబాదు

అత్తకు,

రాత్రంతా పుస్తకాలు తిరగేశాను. నా దగ్గరున్న జవాబు ఒక్కటే, అది రాయడానికి భయంగా ఉంది. ఆవోబెంజోన్ దానంతటది నడిచిపోయి కాలరెక్కదు. పాస్టరుగారిని ఒక్కసారి మెల్లగా, విడిగా అడిగి చూడండి.

మీ
ఫేబీ

తా.క.: ఈ ఉత్తరం మీటింగులో గట్టిగా చదవొద్దు.

*

పొన్నపాళెం

నా బంగారు ఫేబీకి,

నీ ఉత్తరం చూసి మొదట నీ మీద మండిపడ్డా. దైవజనుణ్ణి అనుమానిస్తావా అనుకున్నా. ఆయన్ని అడిగేదానికి నాకు నోరు రాలేదు. అయినా కాలరు సంగతి తేలిందాకా మాలకొండయ్య అక్కడ గిన్నెలు కడగాల్సిందేనా? తేలకపోతే పోయె అనుకొని, బస్సెక్కి సూళ్ళూరుపేట పోయినా.

హోటలు వెనక పంపుకాడ కూర్చోనుండాడు. నన్ను చూసి లేచినాడు. "నా చెవిటితనం కళ్ళకు కూడా వచ్చింది మాలకొండయ్యా, ఒకటి రాస్తే ఇంకొకటి చదివినా. తప్పు నీ పెట్టెది కాదు" అన్నా. తడిచేతులు తువాలుకు తుడుచుకొని, "నాకు విడిగా చెప్తే ఏం లాభమమ్మా? పెట్టె పక్కన పడెయ్యమన్నది అందరి ముందర కదా" అన్నాడు. నిజమే కదా!

ఆదివారం ఆయన్ని మందిరానికి తోడుకొచ్చినా. కడాపటి బెంచీలో కూర్చున్నాడు, పెట్టె ఒళ్ళో పెట్టుకొని. ప్రసంగం అయినాక నేను లేచి, గుడ్డముక్కలు రెండూ ఎత్తిపట్టుకొని జరిగిందంతా చెప్పినా. కామాక్షమ్మ ఊరుకుంటుందా? "మరి అయ్యగారి కాలరు సంగతి?" అనింది. పాస్టరుగారు మొగం సీరియస్సుగా పెట్టి, "నేనా క్రీము ముట్టుకోలేదు. ఇదే బలిపీఠం ముందర చెప్తా ఉండా" అన్నాడు. నీ మాట పోయింది, నా మాట పోయింది, మాలకొండయ్య మళ్ళీ బస్సెక్కుతాడు అనుకున్నా.

అప్పుడు అబిగయీలు లేచింది.

"ఆయన చెప్పింది నిజమే. ఆయన ముట్టుకోలేదు. నేనే రాస్తుండా" అనింది.

పాస్టరుగారు పల్లెలు తిరిగి తిరిగి మెడవెనక గెనుసుగడ్డ తొక్క మాదిరి పొట్టు లేస్తా ఉందంట. క్రీము రాస్తానంటే వినడు. దాంతో, ఆయనకున్న మెడనొప్పికి మందని చెప్పి, అక్షరాలు కనపడకుండా ట్యూబుకు కాగితం చుట్టి, దినమూ పొద్దున్నే ఆమే మెడకు మర్దనా చేస్తా ఉందంట. ఈ మనిషి నీ క్రీము పూసుకొనే, నీ క్రీము మీద ప్రసంగం చేసినాడమ్మే!

అందరం ఆయన్నే చూస్తా ఉన్నాం. ఆయన మెడవెనక చెయ్యి పెట్టుకొని తడుముకున్నాడు. కోపం వస్తుందనుకున్నాం. అబిగయీలు పక్క తిరిగి మెల్లగా, "అందుకేనా అబీ, ఇన్నాళ్ళూ రాసినా నా మెడనొప్పి తగ్గంది?" అన్నాడు.

మొదట నవ్వింది మాలకొండయ్యే. ఆయన ఒళ్ళో పెట్టె గడగడా ఊగింది. ఆ తరవాత ఎవురు నవ్వలేదు అని అడుగు. నా చెవిటి చెవులకు కూడా వినపడింది. కామాక్షమ్మే ముందుగా ఇంటికి పోయి తన చీరల మూట తెచ్చి మాలకొండయ్య పక్కన పెట్టింది. పాస్టరుగారు దిగొచ్చి ఆయన చెయ్యి పట్టుకొని, "నా అంగీ కూడా నువ్వే చూడాల" అన్నాడు.

ఇప్పుడు బోరు నీళ్ళు బట్టలకు వాడడం లేదు. మాలకొండయ్య కాలవ నీళ్ళు తెచ్చుకుంటా ఉండాడు. పాత మరకల మీద నిమ్మకాయ రుద్దితే కొంచెం కొంచెం పోతా ఉండాయి. బండి మళ్ళీ గోడపక్కకొచ్చింది. నాకు అన్నం సయిస్తా ఉండాది.

నిన్ను చూసి గర్వపడే
మీ మగ్దలీనమ్మత్త

తా.క.: పాస్టరుగారు నిన్ను రెండు అడగమన్నారు. ఒకటి, మెడనొప్పికి నిజమైన మందు. రెండోది, నీ క్రీమే ఇంకో ట్యూబు. పొట్టు లేవడం మాత్రం తగ్గిందంట. ఏది ఏదో పైన పెద్ద అక్షరాలతో, తెలుగులో రాసి పంపు.