షరతుగా వచ్చిన అత్తయ్య

నీటి సరఫరా ఆఫీసు బిల్లుల సెక్షన్‌లో జూనియర్ అసిస్టెంటుగా పనిచేస్తున్న నేను, పూర్తి తెలివితో, ఎవరి బలవంతమూ లేకుండా రాయిస్తున్న వీలునామా ఇది. బలవంతం సంగతి దేవుడెరుగు, వద్దని ఇంట్లో అందరూ మొత్తుకుంటున్నారు. వచ్చే వారం నా గుండెకి ఆపరేషను. భయం లేదని డాక్టరు అన్నాడు, నాకూ లేదు. కానీ ఆ తేదీ చెప్పిన రోజునుంచీ మా అత్తయ్య తన ట్రంకుపెట్టె కిందికి దింపి దులుపుతోంది. నేను పోతే తనకిక ఈ ఇంట్లో ఏం పని అనుకుంటోంది. ఆ సంగతి తేలకుండా ఆపరేషను బల్ల ఎక్కితే నాకు మత్తుమందు కూడా పనిచేయదు.

1. ఈ ఇల్లు నా జీతంతో కట్టిన నా స్వార్జితం. నా తర్వాత నా కూతురు చిట్టిది. అయితే వీధివైపు గదిలో మా అత్తయ్య, అంటే చిట్టి నానమ్మ, బతికున్నంతకాలం ఉంటుంది. ఆవిడ మంచాన్ని కిటికీ పక్కనుంచి ఎవరూ జరపకూడదు. వీధిలోకి ఎవరొచ్చారో, ఎందుకొచ్చారో తెలియకపోతే ఆవిడకి అన్నం సయించదు.

2. ఆవిడ ఇక్కడెందుకుందని చుట్టాల్లో కొందరికి ఇంకా అనుమానమే కాబట్టి ఇది రాయిస్తున్నాను. చిట్టి తండ్రి పంప్‌హౌస్ ఆపరేటరు, డ్యూటీలో ఉండగా పోయారు. కారుణ్య నియామకం ఇంటికి ఒక్కరికే. మరిదీ అడిగాడు. అత్తయ్య చెట్టంత కొడుకుని పక్కనపెట్టి, ఉద్యోగం కోడలికివ్వడానికి అభ్యంతరం లేదని వేలిముద్ర వేసింది. ఆవిణ్ణి పోషిస్తానని నేను హామీ రాసిచ్చాను. ఆ షరతు తప్పితే ఉద్యోగం ఊడుతుంది. మొదటి రోజు నాతో ఆఫీసుకొచ్చి వరండా బెంచీ మీద సాయంత్రం దాకా కూర్చుంది. కొడుకు ఉద్యోగానికి కాపలా కాస్తోందని నాకు ఒళ్ళు మండిపోయింది. లోపల నాకు ఏడుపొస్తే పక్కన ఎవరున్నారని కూర్చుందట పిచ్చితల్లి.

కొన్నేళ్ళకి మా ఆఫీసు టైపిస్టు నన్ను పెళ్ళి చేసుకుంటానన్నారు. నేను ఇంట్లో నోరెత్తలేదు. అత్తయ్య ఊరుకుంటుందా, పసిగట్టేసింది. తిన్నగా సూపరింటెండెంటు దగ్గరికెళ్ళి, మా కోడలు మళ్ళీ పెళ్ళి చేసుకుంటే ఉద్యోగం పోతుందా అని అడిగింది. ఆ మహానుభావుడు దాన్ని ఫిర్యాదనుకుని, సంజాయిషీ ఇవ్వమంటూ నాకు మెమో ఇచ్చాడు! నెల్లాళ్ళు అత్తయ్యతో మాట్లాడలేదు నేను. చివరికి పైఆఫీసు నుంచి జవాబొచ్చింది: పెళ్ళికి అడ్డు లేదు, అత్తగారి పోషణ షరతు మాత్రం అలాగే ఉంటుంది. ఇంకేం, అయితే నేనూ వస్తున్నానని అత్తయ్య పెట్టె సర్దేసింది. కొత్త పెళ్ళికూతురు పాత అత్తగారిని వెంటేసుకుని కాపురానికి రావడం ఎక్కడైనా ఉందా? మా ఇంట్లో ఉంది. అప్పట్నుంచి మా ఆయన ఆవిణ్ణి షరతుగారూ అని పిలుస్తారు. ఆవిడ పలుకుతుంది కూడా.

3. మరిదికి వాళ్ళ అన్నయ్య పనిముట్ల సంచి. లోగడ అడిగితే ఇవ్వలేదు, కావాలనే ఇవ్వలేదు. తన నోటి దగ్గరి ముద్ద లాక్కున్నానని వీధంతా చాటాడు మరి! ఇప్పుడు మోటార్లు బాగుచేసే షాపు పెట్టుకుని నాకంటే హాయిగా ఉన్నాడు. తీసుకో నాయనా. పెద్ద స్పానరుకి చుట్టిన గుడ్డ మీ అన్నయ్య చుట్టిందే, అది విప్పకు.

4. మా ఆయనకి ఈ ఇంట్లో బతికున్నంతకాలం చోటు, నా గొడుగు. తన గొడుగు ఎప్పుడూ ఆఫీసులోనే మర్చిపోతారు. ఈ వీలునామా అమలు చేసే బాధ్యత ఆయనదే. టైపు చేస్తున్నదీ ఆయనే. ఇక్కడికొచ్చేసరికి రెండుసార్లు మంచినీళ్ళకని లేచి వెళ్ళారు. మంచినీళ్ళ కూజా ఆయన పక్కనే ఉంది.

5. నా ఉద్యోగం. ఇంకా రెండేళ్ళ సర్వీసుంది. ఈలోగా నేను పోతే చిట్టి కారుణ్య నియామకానికి అర్జీ పెట్టుకోవచ్చు. అది రాసివ్వడానికి నా సొత్తు కాదు, నిబంధనలు ఒప్పుకుంటే వస్తుంది. వస్తే, చిట్టీ, నిన్నూ అదే హామీ రాయమంటారు. నువ్వు పోషించాల్సినవాళ్ళలో నానమ్మ ఉండదు, ఎందుకంటే ఆ షరతు నాతోనే సరి, మళ్ళీ పెళ్ళయ్యాక వాళ్ళ లెక్కలో ఆవిడ నా కుటుంబం కాదు. నువ్వు అడిగి మరీ ఆవిడ పేరు రాయించు తల్లీ. ఉద్యోగం రాకపోయినా నానమ్మ మాత్రం నీదే. ఆ ట్రంకుపెట్టె మళ్ళీ అటక మీద పెట్టించు. ఆవిడంటే నాకెంత ప్రాణమో ఎదురుగా ఎప్పుడూ చెప్పలేదు, ఇక్కడ చెబుతున్నాను.

రెండు వేల ఇరవై మూడు ఆగస్టు ఆరు, ఆదివారం, మా ఇంటి ముందుగదిలో.

(సంతకం)
జూనియర్ అసిస్టెంటు, బిల్లుల సెక్షన్

సాక్షులు:
ఎదురింటి టైలరు (సంతకం)
మా ఆఫీసు వాచ్‌మన్ (సంతకం)

కింద ఉన్న వేలిముద్ర గురించి: అది సాక్షిది కాదు. ఇదంతా చదివి వినిపించాక మా అత్తయ్య వేసింది. అక్కర్లేదని ఎంత చెప్పినా వినలేదు. అప్పుడు నాకు ఉద్యోగమివ్వడానికి అభ్యంతరం లేదని వేసింది కదా, ఇప్పుడు తనకన్నా ముందు నేను పోవడానికి అభ్యంతరం ఉందని వేసింది.