ఉదజని పాఠం

నారాయణపేట,
18 ఏప్రిల్ 1966

కాటమయ్యకు రామచంద్రయ్య నమస్కరించి రాసేది. ఇక్కడ అందరం క్షేమమే. రామన్నపేటలో నీకు ఏదో పని దొరికిందని విని కాస్త నెమ్మదించాను. బడిలో పన్నెండేళ్లు నా పక్కనే సీసాలు కడిగి అందించినవాడివి. ఈ రెండేళ్లలో నీకొక్క ఉత్తరం రాయలేదు. కోపం ఉంటుంది. ఉండాలి.

నిన్న గుర్వమ్మ నన్ను వెతుక్కుంటూ ఇక్కడికి వచ్చింది. మన సైదమ్మ తల్లి.

ఉదజని పాఠం చెప్పిన రోజు నువ్వూ గదిలోనే ఉన్నావు. జింకు ముక్కల మీద తేజాబు, అదే ఆమ్లం, పోసి పుట్టిన వాయువును వెలిగించి, ఆ మంట మీద పట్టిన గాజు గ్లాసులో చెమ్మ చూపించి, ఈ వాయువు మండితే నీరే పుడుతుంది, అందుకే ఆ పేరు అన్నాను. సైదమ్మ లేచి, "మా గొర్లు తాగేటన్ని నీళ్లకు గిసొంటి సీసలు ఎన్ని గావాలె సారూ" అని అడిగింది. పిల్లలంతా నవ్వారు. నేనూ నవ్వాను. ఆ ఎండకాలం వాళ్ల బావి అడుగంటింది. పిల్లను బడి మాన్పించి మంద వెంట పంపాలని తండ్రి చూస్తున్నాడు.

తర్వాతిది నీకు తెలుసు. వాళ్ల ఇంట్లో ఆ ప్రయోగమే చేస్తుంటే సీసా పేలి గాజు పెంకు మెడలో దిగింది. నాలుగో రోజు దవాఖానలో పిల్ల పోయింది. నువ్వు ప్రయోగాల గదికి తాళం మరిచినందుకే జింకు, తేజాబు ఎత్తుకుపోయిందని విచారణలో తేల్చి నీ కొలువు తీసేశారు. తాళం వేశానని నువ్వెంత మొత్తుకున్నా ఎవరూ వినలేదు.

గుర్వమ్మ నీ చిరునామా అడిగింది. "కాటమయ్య మీద నాకు కోపం లేదని రాయి సారూ. ఆయనకూ పిల్లలున్నరు. మరిస్తే మరిసిండు, కావాలని జేసిండా" అన్నది. ఆ మాట నీకు చేర్చడానికే ఈ ఉత్తరం.

ఇట్లు,
రామచంద్రయ్య

తా.క. అంటించిన కవరు చించి మళ్లీ రాస్తున్నాను. ఆ రోజు నువ్వు తాళం వేశావు. నువ్వు ఇంటికి పోయాక సైదమ్మ ఏడుస్తూ వచ్చింది. "నాయినకు ఒక్క నీళ్ల బొట్టు సూపిస్త సారూ, బడి మాన్పియ్యడు" అన్నది. నా దగ్గరున్న తాళంచెవితో గది తెరిచి, జింకు ముక్కలూ తేజాబూ నా చేత్తోనే ఇచ్చాను. సీసాలోని మామూలు గాలి అంతా పోయేదాకా ఆగి వెలిగించమని చెప్పానో లేదో, ఎంత తలుచుకున్నా గుర్తు రావడం లేదు. విచారణలో అడిగినప్పుడు తల వంచుకుని ఊరుకున్నాను.

ఇదంతా పైఅధికారికి రాసి సంతకం చేశాను. దీనితో పాటే పోస్టులో వేస్తాను. గుర్వమ్మకు చదువు రాదు. ఆమెకు నోటితోనే చెప్పాలి. పొద్దుటి బస్సుకు వాళ్ల ఊరికి పోతున్నాను.