ఓడలో పగలాల్సిన కప్పు

దీవి నుంచి,
మంగళవారం, పొద్దుటి నుంచి వాన.

నా తల్లి సెలెస్టీన్‌కి నాన్న దీవించి రాయునది. ఇక్కడ నేనూ, కోళ్ళూ, ఆ పనికిరాని కుక్కా క్షేమం. అట్లాంటాలో నీ కడుపు మీద కుట్ల చోట లాగడం కూడా తగ్గి, నువ్వూ క్షేమమని తలుస్తాను.

ఈ ఉత్తరం నా చేత్తోనే రాస్తున్నాను. చర్చి పక్కింటి ఒడెస్సా రాసిపెడతానంది, వద్దన్నాను.

"నీ అక్షరాలు పీత నడిచినట్టుంటాయి. పిల్ల ఎలా చదువుతుంది?" అంది.

"పీతల మధ్య పుట్టిన పిల్లేలే, చదువుకుంటుంది" అన్నాను.

ఒడెస్సా చెవిన పడకూడని సంగతి ఒకటి ఇందులో ఉంది. దాని దగ్గరికి మెల్లగా వస్తాను.

నువ్వు అడిగినవాటికి జవాబులు. వలలు అల్లడం మానలేదు. మానమన్నది నువ్వు, డాక్టరు కాదు. ఉప్పు తగ్గించాను, కొంచెం. చేతులు వణుకుతున్నాయా అని అడిగావు. నేను కాఫీ కప్పు రెండు చేతులతో పట్టుకుంటున్నానని నీకు చేరవేసింది ఒడెస్సాయే అయి ఉంటుంది. దానికి జవాబు తర్వాత.

నువ్వు రాస్తున్న పుస్తకం కాగితాలు అందాయి. ఆదివారం ప్రార్థన అయ్యాక చర్చి మెట్ల మీద కూర్చుని ఒడెస్సా పైకి చదువుతోంది. ముసలివాళ్ళమంతా వింటున్నాం. చుక్కల్లోకి పోయే ఆ ఓడ సంగతి రాగానే ఏబ్రమ్ అడ్డం వచ్చాడు.

"నడిపేది ఎవరు?"

"మన ఆడపిల్లే" అంది ఒడెస్సా.

"అయితే మనవాళ్ళు గొలుసుల్లేకుండా, తమంతట తాము ఎక్కిన మొదటి ఓడ ఇదేనే" అన్నాడు.

ఒడెస్సా కాగితాలు ఒళ్ళో పెట్టుకుని, "నువ్వెక్కుతావా మరి?" అంది.

"బెండకాయ పులుసు పెడతారా?"

"మూడో అధ్యాయంలో పెట్టారు. నువ్వు గురక పెడుతున్నావు."

"అయితే ఎక్కుతా. కిటికీ పక్కన చోటుంచమను."

కిందటేడు మీ ఇంట్లో భోజనాల దగ్గర నేను, ఉన్న నేల మీదే మనకి దిక్కు లేదు, నల్లవాళ్ళకి చుక్కల్లో ఏం పని అన్నాను. నువ్వు కంచం వదిలి లేచిపోయావు. మా నాయనమ్మ, బానిస రోజుల్లో మనవాళ్ళు వరిచేలోంచి గాల్లోకి లేచి, సముద్రం దాటి సొంత ఊళ్ళకి పోయారని చెప్పేది. అది ఎలా కుదిరిందని ఆమెని నేను ఏనాడూ అడగలేదు. నిన్ను మాత్రం అడిగాను. నాయనమ్మ చెబితే నిజం, కూతురు చెబితే పిచ్చి అనుకున్నాను కాబోలు. నాకు క్షమాపణ చెప్పడం రాదు. ఇదే అనుకో.

ఇప్పుడు ఆ తొమ్మిదో అధ్యాయం. ఓడలో పెద్దామె హెస్టర్ చనిపోయింది. ఆ హెస్టర్ ఎవరో నాకు చెప్పక్కర్లేదు. అన్నం మాడితే పొయ్యిని తిట్టే ఆడది నేనెరిగినంతలో ఒక్కతే, ఆమె మీ అమ్మ లువీనియా. అక్కడి నుంచి కలం కదలడం లేదనీ, మన్ను లేని చోట మనిషిని ఎలా సాగనంపాలో తెలియడం లేదనీ, పుస్తకమే వదిలేస్తాననీ రాశావు.

వదలకు. ఓడ నిండా జనాన్ని ఎక్కించి నడి ఆకాశంలో దిగిపోతావా? మా రొయ్యల పడవ మీద అలాంటి సరంగుని నీళ్ళలోకి తోసేవాళ్ళం.

"అమ్మ సమాధి మీద కప్పు పగలగొట్టినప్పుడు నీకెలా ఉండింది నాన్నా? ఆ నీలం ముక్కలు నాకింకా కనిపిస్తున్నాయి. అది చెబితే రాయగలను" అన్నావు.

పోయినవాళ్ళు ఆఖరున తాగిన కప్పు పగలగొట్టకపోతే ఇంట్లో ఇంకొకరు వాళ్ళ వెంట పోతారని నీకు నేర్పింది నేనే. అందుకే ఈ మాట రాయడానికి చెయ్యి రావడం లేదు. ఆ నీలం ముక్కలు నా కప్పువి.

పెళ్ళినాడు జతగా వచ్చిన కప్పులు అవి. మీ అమ్మదానికి అంచున చిన్న పెచ్చు ఊడి ఉండేది. అంతే తేడా. ఆ రోజు నాది సంచిలో పెట్టుకుని వెళ్ళాను. పాదిరి చూశాడు, ఊరంతా చూసింది, ఎవరూ పోల్చలేదు. మర్నాటి నుంచి ఆమె కప్పులో తాగుతున్నాను. నా వరకు నేను ఆమె వెంట పోవడానికి సిద్ధమే. ఇంట్లో ఇంకొకరంటే నువ్వు కూడా అన్న ఆలోచన నాకు రాలేదు.

మొన్న చలికాలం నీకు ఆపరేషన్ అన్నప్పుడు వచ్చింది. ఆ పొద్దున్నే కప్పు తీసుకుని సమాధి దగ్గరికి పోయి, రాయికేసి గట్టిగా కొట్టాను. పిడి ఊడింది. కప్పు చెక్కు చెదరలేదు. రెండోసారి చెయ్యి ఎత్తాను గానీ దించలేకపోయాను. పక్కన తన భార్య సమాధి మీద ఆకులు ఊడుస్తున్న ఏబ్రమ్ అంతా చూశాడు. ఇన్నాళ్ళ సంగతీ అప్పుడే చెప్పాను.

"లువీనియా నువ్వు చెప్పిన పని ఏనాడైనా మొత్తం చేసిందా? పిడి వరకే ఒప్పుకుంది. అది ఆమెకి వదిలి ఇంటికి పో" అన్నాడు.

పిడి అక్కడే మన్నులో గుచ్చి వచ్చాను. నీకు గండం గడిచిందని సాయంత్రం ఫోను వచ్చింది. అందువల్లే అని అనను. కాదనీ అనను. వేసవిలో నువ్వు వచ్చినప్పుడు ఆ కప్పుని వలల పెట్టెలో దాచాను. కోపం వస్తే రానీ, అది నీ హక్కు.

ఇక నీ అధ్యాయం. ఆ ఓడలో చెయ్యి వదిలినా వస్తువు కింద పడదని ఒడెస్సా చదివింది. ఇక్కడ మాకు కప్పు వదిలేస్తే చాలు, మిగతా పని నేల చూసుకుంటుంది. అక్కడ ఆ సాయం లేదు. ఎవరో ఒకరు పట్టుకుని, తెలిసి, గోడకేసి కొట్టాలి. హెస్టర్ మొగుడి చేత కొట్టించు. ముందు వేరే కప్పు తెస్తాడు, తేనీ. వాణ్ణి చెడ్డవాణ్ణి చెయ్యకు. ముక్కలు తేలుతాయి గనక పిల్లల కళ్ళలో పడకుండా జనమంతా లేచి తలా ఒకటి పట్టుకోవాలి. మన్ను లేకపోతేనేం, అన్ని చేతులున్నాయి.

నా చేతులు వణకడం లేదమ్మా. పిడి లేని కప్పుని ఎవరైనా రెండు చేతులతోనే పట్టుకోవాలి. కాఫీ చల్లారేదాకా అలాగే కూర్చుంటాను.

నేను పోయిన రోజున నువ్వు ఏది ఎవరిదని వెతుక్కోనక్కర్లేదు. అరలో ఒక్కటే ఉంటుంది. దాన్ని మాత్రం గట్టిగా కొట్టు.

ఇట్లు,
కిటికీ పక్క చోటు ఏబ్రమ్‌కి ఇవ్వొద్దని కోరుతూ,
మీ నాన్న