కొబ్బరిపాల స్కోన్లు

గోదావరిఖని

అమ్మా, మేమంతా బాగున్నాం. నువ్వు ఫోన్ ఎత్తడం లేదని కార్డు రాస్తున్నాను.

నువ్వు పెట్టిన నెయ్యి అన్నానికి నీ మనవరాలు సహస్ర ఒంటి మీద లేచిన దద్దులు ఆ వారమే తగ్గిపోయాయి. పాలూ నెయ్యీ దానికి పడవని మనకు మాత్రం ఏం తెలుసు? నీ మీద ఎవరికీ కోపం లేదు.

నిన్న మధ్యాహ్నం దానికోసం స్కోన్లు చేశాను. మెత్తని బిస్కెట్టులాంటి రొట్టెలు. కొబ్బరిపాలతో పిండి కలిపి, ఇసుక పోసిన గంజుగిన్నెలో పెట్టి, మూతేసి పొయ్యి మీద కాల్చాను. ఇల్లంతా కమ్మటి వాసన. బొగ్గుదుమ్ము పట్టిన కిటికీలోంచి వచ్చే ఎండ కూడా తియ్యగా, కలలోలాగా అనిపించింది. రొట్టెలు దించుతుంటే ఓపెన్‌కాస్టు బొగ్గుగనిలో బ్లాస్టింగు జరిగి మన తలుపు గొళ్లెం టకటకా మోగింది.

"అమ్మమ్మ అచ్చింది! గిది అమ్మమ్మకే!" అంటూ సహస్ర వేడి స్కోను పట్టుకుని వాకిట్లోకి ఉరికింది.

వాకిట్లో ఎవరూ లేరు.

బర్రె ఈనిందా? నాన్న మోకాళ్ల నొప్పి ఎట్లా ఉంది? వచ్చేటప్పుడు చింతపండు తీసుకురా. నాన్నకు నా దండాలు చెప్పు.

ఆ గొళ్లెం రోజూ ఊరికే మోగుతోంది అమ్మా. ఒక్కరోజు నువ్వొచ్చి మోగించు.

నీ బిడ్డ,
స్వరూప