ముఖం మీద మిగిలిన నవ్వు

ఆదోని,
డిసెంబరు మొదటి వారం

నాయనా,

ఫోనుండగా ఉత్తరమెందుకని నువ్వు మొదట అమ్మనే అడుగుతావు. ఫోను ముట్టుకోబుద్ధి కావడం లేదు. అది మోగితే ఒక దడ, మోగకపోతే ఇంకో దడ. అందుకే బడిపిల్లలా రూళ్ల కాగితాలు కొనుక్కొచ్చి రాస్తున్నాను. అమ్మకు మాత్రం చదివి వినిపించకు. ఆమెకు తెలిస్తే వీధికంతా తెలిసినట్టే.

నా పని నీకు తెలిసిందే. రోజూ సాయంత్రం కెమెరా ముందు కూర్చుని జపాన్ వాళ్ల బొమ్మల కథలు, ఆ అనిమేల గురించి లైవ్‌లో తెలుగులో మాట్లాడతాను. చూసేవాళ్లు కింద రాస్తూ ఉంటారు, నేను చదివి జవాబు చెబుతాను. మొదలుపెట్టిన కొత్తలో గోవిందన్న పెదనాన్న "బొమ్మల గురించి మాట్లాడితే వినేదానికి ఎవురొస్తారు?" అని నవ్వితే, నువ్వొక్కడివే "వస్తాండారు గదన్నా" అన్నావు. ఆ ఒక్క మాట పట్టుకుని ఇంతదాకా లాక్కొచ్చాను.

ఇప్పుడు ఏడాది చివర. ఈ ఏటి గొప్ప అనిమే ఏదని మావాళ్లు రెండు జట్లయి కొట్టుకుంటున్నారు. ఒకటి 'ఏడు కత్తుల కోట', మొదటి నుంచి చివరి దాకా యుద్ధమే. రెండోది 'ఉప్పు రైలు', ఉప్పు మళ్ల మధ్య పోయే పాత రైల్లో టికెట్లు చూసే అమ్మాయి కథ. అందులో ఏమీ జరగదు, అయినా ఏడుపొస్తుంది. హొళగుంద నుంచి హులిగెమ్మ అనే పిల్ల సగం కన్నడం, సగం తెలుగు కలిపి రైలు తరఫున పోట్లాడుతుంది. హాలహర్వి సాయిది కత్తుల జట్టు. రైలును అతను నిద్రమాత్ర అన్నాడని హులిగెమ్మ అతని మీద కత్తి కట్టింది. పోయినేడు ఈ గోలంతా నాకు పండగలా ఉండేది. ఈసారి ఉప్పు రైలు చివరి భాగం చూస్తూ, దీని గురించి సాయంత్రం ఏం చెప్పాలి, ఏ ముక్క చూపించాలి అనే ఆలోచిస్తూ కూర్చున్నాను. అది అయిపోయింది. నాకు ఏమీ అనిపించలేదు.

మాధవరంలో అశ్విని పెళ్లికి పోయాను కదా, తలంబ్రాల వేళ నేనెక్కడున్నానో నీకు చెప్పలేదు. విడిది గదిలో తలుపేసుకుని లైవ్‌లో ఉన్నాను. చిన్నప్పటి నుంచి ఒకే కంచంలో తిన్న స్నేహితురాలు, దాని పెళ్లి నేను ఫోటోల్లో చూశాను. ఒక్కరోజు రాకపోతే జనం ఇంకొకరి దగ్గరికి పోతారని భయం. జ్వరంలోనూ అదే భయంతో కూర్చున్నాను.

మొన్న లైవ్ ముగించి వీధి చివర భీమమ్మ బండి దగ్గరికి బజ్జీల కోసం దిగాను. ఆమె పొట్లం కడుతూ నా ముఖం చూసి, "యాలమ్మా, ఊరికే నగుతాండావు?" అంది. నేను నవ్వుతున్నానని నాకే తెలియదు నాయనా. చెయ్యి పెట్టి చూసుకుంటే కెమెరా ముందు పెట్టుకున్న నవ్వు అట్లాగే ముఖం మీద మిగిలిపోయింది. దించుకుందామంటే దిగలేదు, బుగ్గలు నొప్పి. గదికొచ్చి తువాలులో ముఖం దాచుకుని చాలాసేపు ఏడ్చాను. బజ్జీలు చల్లారిపోయాయి.

అందుకని నిశ్చయించుకున్నాను. ఈ నెల పంతొమ్మిది, శుక్రవారం, చూసేవాళ్ల ఓట్లతో గెలిచిందేదో ప్రకటించే రోజు. చెప్పేసి, అందరికీ దండం పెట్టి, ఛానెల్ తుడిచేస్తాను. ఇక్కడ పత్తి మిల్లు ఆఫీసులో మనిషి కావాలంటున్నారు, అందులో చేరతాను. అందరూ నవ్వినప్పుడు నా వైపు నిలబడినవాడివి నువ్వు. నీ మాట ఓడిపోయేట్టు చేస్తున్నానే అన్నదే నా బాధ. నీకు చెప్పకుండా మాత్రం చేయలేను.

నీ కూతురు,
నాగవేణి


ఎమ్మిగనూరు,
ఆదివారం

వేణమ్మా,

అమ్మకు చెప్పొద్దన్నావు. చెప్పేశాను. మన ఇంట్లో ఏ మాట దాగింది గనక ఇది దాగాలి? మీ అమ్మ తిమ్మక్క వెంటనే దిష్టి అని తేల్చి, నీ ఫోటోకు ఉప్పూ మిరపకాయలూ తిప్పి పొయ్యిలో వేసింది. నేను దగ్గుతూ ఈ ఉత్తరం రాస్తున్నాను.

మగ్గం పక్కన గూట్లో ఫోను పెట్టుకుని, నీ మాటలు వింటూ నేయడం నాకు అలవాటు. బొమ్మలు చూడ్డానికి కుదరదు, గొంతు మాత్రం వింటాను. దసరా అయినప్పటి నుంచి ఆ గొంతు వేరేగా ఉంది. జలుబు చేసిందేమో అనుకున్నాను. మిరియాల పొడి పంపింది అందుకే. జలుబు కాదని నాకు తట్టలేదు. నీ ఉత్తరం చదివి నాకు చాలా బాధయింది తల్లీ.

ఛానెల్ తీసేయాలనుకుంటే తీసెయ్. నా మాట ఓడిపోతుందని దిగులొద్దు, మీ అమ్మ దగ్గర అది రోజూ ఓడిపోతూనే ఉంది. కానీ గోడ మీద క్యాలెండరు చూశావా? పంతొమ్మిది అమావాస్య. మన ఇంట్లో పుట్టి అమావాస్య నాడు పని పెట్టుకుంటావా? పెళ్లి చీరకు ఎంత తొందరున్నా, షావుకారు గుమ్మంలో కూర్చున్నా, ఆ రోజు మనం మగ్గం గుంటలో కాలు పెట్టం. మగ్గానికి పూజ చేసి, సగం నేసిన చీర మీద పాత పంచె కప్పి, కాళ్లు చాపుకుని కూర్చుంటాం. పొద్దున పంచె తీస్తే పోగు ఎక్కడ ఆగిందో అక్కడే ఉంటుంది. నువ్వు మగ్గమెక్కవు గనక నీకు అమావాస్య లేదనుకున్నావు. నేనూ అట్లాగే అనుకున్నాను చూడు, కూర్చుని మాట్లాడే పనికి సెలవెందుకులే అని.

తుడిచేయడమైనా ఆ రోజు వద్దు. మగ్గం విప్పడం కూడా పనే. ఆ రోజుకు అన్నిటి మీదా గుడ్డ కప్పి ఇంటికి రా. తర్వాత నీ ఇష్టం, నేను అడ్డు రాను.

ఇంకొకటి. ఆ రైలు పాప చివరికి ఏమైంది? ఇన్నాళ్లూ వినడమే గాని చూసింది లేదు. వచ్చినప్పుడు చూపించు.

మీ నాయన,
మహానంది


ఆదోని,
క్రిస్మస్ ముందురోజు

నాయనా,

నేను వచ్చిపోయిన సంగతి నీకు తెలిసిందే అయినా, నీ ఎదుట నోరు పెగలని మాటలు కొన్ని ఉన్నాయి. ఫోను భయం తగ్గింది. అయినా ఇవి కాగితం మీదే బాగుంటాయి.

గురువారం లైవ్‌లో, రేపు మా ఇంట్లో మగ్గమెక్కం, నేనూ రాను, ఫలితం ఆదివారం అని చెప్పాను. అనుకున్నట్టే గోల లేచింది. కొందరు వెళ్లిపోయారు. ఇంతమందిని ఎదురు చూడబెట్టి ఇప్పుడిదేం పద్ధతని సాయి రాశాడు. అప్పుడు హులిగెమ్మ రాసింది: "మా ఊర్లో అమాసకు ఎద్దు మెడ మీద కాడి పెట్టరు. అక్క ఎద్దు కన్నా తక్కువనా?" కాసేపటికి సాయే 'అక్కకు ఎద్దు సెలవు' అని రాశాడు, అందరూ అదే పట్టుకున్నారు. నన్ను ఎద్దుతో పోల్చినందుకు అంత సంతోషపడతానని ఎప్పుడూ అనుకోలేదు.

మన ఇంటికొచ్చి మధ్యాహ్నం దాకా ఒళ్లు తెలియకుండా నిద్రపోయాను. వీధిలో ఒక్క మగ్గం చప్పుడు లేదు. తర్వాత పంచె కప్పిన మగ్గం పక్కన చాప పరిచి నీకు ఉప్పు రైలు చివరి భాగం చూపించాను. ఊరికే చూడనిచ్చావా నువ్వు? టికెట్ లేనివాళ్లను ఎందుకు వదిలేస్తుంది, దాని అమ్మానాన్నలు ఎక్కడ, జీతమెంత? విసుక్కుంటూనే జవాబులు చెప్పాను. చివర్లో జనమంతా దిగిపోయాక ఆ అమ్మాయి ఖాళీ పెట్టెలో అటూ ఇటూ చూసి, కిటికీ పక్కన కూర్చుంటుంది. నువ్వు మెల్లగా "కూసున్నాది పాప" అన్నావు.

నేను ముఖం తిప్పుకున్నది అందుకే. ఆ ముక్క నేను ముందే చూశాను, జనానికి చూపించడానికి కత్తిరించి పెట్టాను కూడా. ఆ పిల్ల కథ మొదలైనప్పటి నుంచి నిలబడే ఉందని నీ మాటతో నాకు తెలిసింది. ఎన్ని నెలలకో ఒక బొమ్మ కథ చూసి ఏడ్చాను. పోయిందనుకున్న ప్రేమ ఎక్కడికీ పోలేదు నాయనా. తను దిష్టి తీయడం వల్లే నాకు నయమయిందని అమ్మ అంటే అననీ.

ఛానెల్ తుడిచేయలేదు. మిల్లు వాళ్లకు రానని చెప్పాను. ఇక నుంచి ప్రతి సోమవారం, ప్రతి అమావాస్య సెలవు. జనం తగ్గుతారేమో, ఆ భయం పూర్తిగా పోలేదు. కానీ శుక్రవారం నేను లేకపోయినా సాయి, హులిగెమ్మ నా చాట్‌లోనే ఎప్పటిలా తిట్టుకుంటూ ఉన్నారట. నేను లేకుండా జరిగిపోయిందే అని ఒక్క క్షణం మనసు చివుక్కుమంది. తర్వాత ప్రాణం తేలికపడింది. అశ్వినికి ఫోన్ చేసి తలంబ్రాల సంగతి చెప్పి, తిట్లు తిన్నాను. సంక్రాంతి అయ్యాక వాళ్లింటికి పోయి రెండు రోజులు ఉంటాను.

ఆదివారం ఫలితం నువ్వూ విన్నావు, ఏడు కత్తుల కోటే గెలిచింది. నీ రైలు ఓడిపోయిందని నువ్వు ఆ రాత్రి అన్నం సరిగ్గా తినలేదని అమ్మ చెప్పింది. నాకు సిగ్గుగా ఉంది, గర్వంగానూ ఉంది.

రోజూ లైవ్ చివర "రేపు కలుద్దాం" అంటాను కదా. ఆదివారం కూడా ఆ మాట నోటి చివరి దాకా వచ్చింది. మింగేసి, "రేపు రాను, ఎల్లుండి కలుద్దాం" అన్నాను. కెమెరా ఆపి భీమమ్మ దగ్గరికి దిగాను. ఆమె బజ్జీలు పొట్లం కట్టి ఇస్తూ నా ముఖంలోకి పరీక్షగా చూసి, "ఈ పొద్దు నగలేదేమమ్మా? ఒంట్లో బాగుండాదా?" అని కంగారుపడింది.

అప్పుడొచ్చింది నాయనా, నవ్వు.

నీ వేణి