నలభై ఒకటో పేజీ

బావా,

ముందు మీ సంచిలో ఉన్న గైడు పుస్తకం తీసి నలభై ఒకటో పేజీ చూడండి. "శిఖరం నుంచి దిగేటప్పుడు ఎడమవైపు రాతి గట్టు పట్టుకోవాలి" అని ఉంటుంది. అది తప్పు. రాసినాయన కుడి అనే రాశాడు. ఎక్కేటప్పుడు ఎడమ అన్నవాడు దిగేటప్పుడు కుడి అంటాడేమిటని, ప్రూఫులు దిద్దుతూ నేనే కొట్టేశాను.

ఇవాళ ప్రెస్సు మెట్లు దిగుతుంటే, పొద్దున ఎడమచేత్తో పట్టుకుని ఎక్కిన రెయిలింగ్ కుడిచేతికి తగిలింది. పరుగున వెళ్లి ఆ కొండ పటం చూస్తే, దిగేవాళ్లకి ఎడమవైపు గట్టే లేదు. గాలికి పేరుకున్న మంచు చూరులా బయటికి వేలాడుతోంది, దాని కింద లోయ. మా యజమానేమో "ఒక్క మాటే కదమ్మా, మళ్లీ అచ్చేసినప్పుడు చూద్దాంలే" అంటున్నాడు. మధ్యాహ్నం దాటితే మబ్బు కమ్మేస్తుంది, అప్పుడిక పుస్తకమే దిక్కు అన్నది మీరే కదా!

మీ ఫోను కలవడం లేదు. మీ క్యాంపుకి సరుకులు తెచ్చే లారీ డ్రైవరు చేతికి ఈ ఉత్తరం ఇస్తున్నాను. అక్కకి చెప్పలేదు. ఇది అందేసరికి మీరింకా కిందే ఉండాలి.

కుడి, బావా. రాసే చెయ్యి. నేను ఒప్పుని కొట్టేసిన చెయ్యి.

మీ మరదలు