రెండు-నాలుగు సైజు డీఎల్‌ఎల్‌లు

లాడ్ బజార్,
జూన్ 3, 2001

చిరంజీవి భరద్వాజ్ బాబుకు గాజుల దుకాణం బాలకిషన్ దీవెనలు.

నువ్వు వైజాగ్‌కు బదిలీ అయిపోయినంక, నువ్వమ్మిన కంప్యూటర్‌కు దిక్కు లేదు. ఫోన్‌ల నీ మాట సగమే సమజైతది, అందుకే రాస్తున్న. మా ఇంటామె సుశీలమ్మ అందుల గీసిన గాజుల డిజైన్లు నీకెరికే. ఇప్పుడామెకు చూపు పోయింది, ఇంక గీయలేదు. మాకు మిగిలినయి అవే. వాటిని వెతుకుతుంటే ఇంకో సందుల వేల ఫైళ్లు కనబడ్డయి. పేరు చివర డీఎల్‌ఎల్ అని ఉంది. మాల్ గిట్ల కుప్పగ పడుంటే మాకు నిద్ర పట్టదు. ఇవి ఏంది? ఎన్ని రకాలు?

ఇట్లు,
బాలకిషన్

తా.క.: ఉస్మానియా బిస్కెట్లు పంపుతున్న. డబ్బా అడుగున ఉన్నది జాగ్రత్త.

విశాఖపట్నం,
జూన్ 9

బాలకిషన్ గారికి భరద్వాజ్ నమస్కారాలు.

డీఎల్‌ఎల్ అంటే ఏమిటని అడిగిన మొదటి కస్టమర్ మీరే. నా కడుపు నిండిపోయింది. అవి తమంతట తాము ఏ పనీ చేయవండి. ప్రోగ్రాములు పిలిస్తే వచ్చి సాయం చేస్తాయి. ఒకే డీఎల్‌ఎల్‌ని పది ప్రోగ్రాములు వాడుకుంటాయి. కొన్ని విండోస్‌వి, కొన్ని ప్రింటర్‌వి, కొన్ని మీ డిజైన్ ప్రోగ్రాంవి.

మీ విధేయుడు,
భరద్వాజ్

తా.క.: బిస్కెట్లు ఆఫీసువాళ్లు ఊదేశారు. అడుగున ఉన్న ఫ్లాపీ ఒక్కటే నాకు దక్కింది. సొరుగులో పెట్టాను.

లాడ్ బజార్,
జూన్ 15

భరద్వాజ్ బాబుకు దీవెనలు.

నువ్వు రాసింది బాగ సమజైంది. మా రాజమణి ఒక్కతే మూడు దుకాణాలకు లక్కపని చేస్తది, గట్లనే కదా! ఏది విండోస్‌ది, ఏది ప్రింటర్‌ది అన్నది మొహం చూసి చెప్పలేక, గాజుల లెక్కనే సైజులవారీగ సర్దిన. చిన్నయి రెండు-నాలుగు, నడిమివి రెండు-ఆరు, పెద్దయి రెండు-ఎనిమిది. ఒకే పేరుతోని రెండుంటే ఒకటి తీసేసిన. పాత తారీఖువి గోదామని ఇంకో సందు చేసి అందుల వేసిన. కొన్ని కదలమని మొండికేసినయి, పోనీ అని వదిలేసిన. మస్తు ముద్దుగ కనబడ్డది. ఆపి మళ్ల పెడితే నల్ల తెర! ఏదో డీఎల్‌ఎల్ దొరకలేదంటది. రెండు-ఆరు అరలనే ఉంది, చూసుకోమను.

ఇట్లు,
బాలకిషన్

తా.క.: “సర్దినవా, సత్తెనాశ్ చేసినవా?” అని సుశీలమ్మ అడుగుతున్నది. జవాబు నువ్వే రాయి.

విశాఖపట్నం,
జూన్ 21

బాలకిషన్ గారికి నమస్కారాలు.

మీ ఉత్తరం రెండుసార్లు చదివాను. రాజమణి గారి కోసం మూడు దుకాణాలవాళ్లూ ఆవిడ ఇంటికే వెళ్తారు. మీరు ఆవిడ కొలతలు తీసుకుని గోదాములో పెట్టి తాళం వేశారు. డీఎల్‌ఎల్‌ని ఎవరూ సైజు చూసి వెతకరండీ, దాని చోటికి వెళ్లి పేరు పెట్టి పిలుస్తారు. పేరు ఒకటే అయినా లోపల సరుకు వేరు కావచ్చు, వాటిని తీసేస్తే ఎలాగండీ?

విండోస్ మళ్లీ ఎక్కించాలి. మీకు దండం పెడతాను, ఫార్మాట్ మాత్రం చేయనివ్వకండి. డిస్కు మొత్తం తుడిచిపెట్టుకుపోతుంది, అమ్మగారి డిజైన్లతో సహా. మీ డిజైన్ ప్రోగ్రాంకి కావలసిన డీఎల్‌ఎల్‌లు ఫ్లాపీలో పంపుతున్నాను.

మీ విధేయుడు,
భరద్వాజ్

తా.క.: స్టోర్‌లో ఫ్లాపీలు అయిపోయాయి, మీరు పంపిందే వాడాను. అందులో అమ్మగారి డిజైన్లు కనిపించాయి. అసలువి మీ కంప్యూటర్లో ఉన్నాయి కదా అని చెరిపేశాను.

లాడ్ బజార్,
జూన్ 27

భరద్వాజ్ బాబుకు దీవెనలు.

నీ ఉత్తరం నిన్న అందింది. మొన్ననే దబీర్‌పురా నుంచి కంప్యూటర్లు బాగుచేసే విశ్వేశ్వర్ వచ్చి ఫార్మాట్ కొట్టిండు. “సేఠ్, లోపల కావలసినవి ఏమన్న ఉన్నయా?” అని మళ్ల మళ్ల అడిగిండు. “ఫికర్ చెయ్యకు భాయ్, అసలు మాల్ వైజాగ్‌ల ఉంది” అన్న.

మా బజార్ల దుకాణం సర్దేముందు మంచి మాల్ నమ్మినోళ్ల దగ్గర పెడతం. ఏం పెట్టినమో దొంగల భయానికి కాగితం మీద రాయం. మా తాతల నాటి రివాజు. నీకూ రాయలేదు. నిన్నేమంటా, ముంచింది నేనే.

సుశీలమ్మకు చెప్పిన. ఇప్పుడామె రాజమణిని పక్కన కూర్చోబెట్టుకొని, ఉత్త లక్క గాజును వేళ్లతోని తడుముకుంట రాళ్లు పెట్టిస్తున్నది. ఒక డిజైన్ మొత్తం యాదికొచ్చింది. రెండోది సగంల ఆగింది. “గీ పచ్చరాయి పక్కన ఏముండె?” అని నన్నడిగింది. అన్నేళ్లు ఆమె పక్కనే కూర్చున్న. ఒక్కనాడు సరిగ చూడలేదు బాబూ.

ఇట్లు,
బాలకిషన్

తా.క.: నీ ఫ్లాపీ పెట్టినం. డీఎల్‌ఎల్‌లన్ని ఎక్కడియక్కడ ఉన్నయట. కంప్యూటర్ మస్తుగ నడుస్తున్నది. అందుల చూసెతందుకే ఏం లేదు.